నేల టికెట్ వైపు నుంచి బ్రిటిష్ నాటకం

బ్రిటిష్ నాటకం అనగానే మనవాళ్ళకి ముందు షేక్‌స్పియర్ గుర్తొస్తాడు. ఇంకాస్త చదువుకున్నవాళ్ళైతే బెర్నార్డ్ షా పేరు కూడా చెప్తారు. ఆ వెంటనే ఒక నిట్టూర్పు: "వాళ్ళు నాటకాన్ని ఎంత గౌరవిస్తారండీ, మనకేదీ ఆ సంస్కారం!" పరిషత్తు నాటకాల విరామంలో హాలు బయట టీ తాగుతూ ఈ మాట చాలామంది నోట విన్నాను. నాకు ఆ మాటతో పేచీ ఉంది. బ్రిటన్‌లో నాటకానికి గౌరవం దక్కిన మాట నిజమే. కానీ అది జనాన్ని కదిలించిన రోజుల్లో దానికి గౌరవం లేదు. గౌరవం దక్కుతున్న కొద్దీ హాల్లోంచి ఒక రకం జనం తగ్గిపోతూ వచ్చారు. వాళ్ళు నేల టికెట్ జనం. వాళ్ళని ఎక్కడ కూర్చోబెట్టారు, ఎంత వసూలు చేశారు, నోరు విప్పనిచ్చారా లేదా అన్నది పట్టుకుని చూస్తే నాలుగు వందల ఏళ్ళ కథ నాకు ఏ పాఠ్యపుస్తకంలోనూ లేనంత తేటగా అర్థమైంది.

1572లో, మొదటి ఎలిజబెత్ కాలంలో, ఇంగ్లండులో ఒక చట్టం వచ్చింది. ఎవరో ఒక ప్రభువు అండ లేకుండా ఊరూరా తిరిగి నాటకాలాడేవాళ్ళు ఆ చట్టం లెక్కలో దేశదిమ్మరులు. పట్టుబడితే కొరడా దెబ్బలు, చెవికి కాల్చిన ఇనుముతో చిల్లు. అందుకే ఆనాటి బృందాలన్నీ ఫలానా ప్రభువుగారి మనుషులం అని పేరు పెట్టుకునేవి. 1576లో జేమ్స్ బర్బేజ్ అనే ఆయన, వృత్తిరీత్యా వడ్రంగి, తర్వాత నటుడు, లండన్ నగర పెద్దల అధికారం నడవని షోర్‌డిచ్‌లో ఒక నాటకశాల కట్టాడు. దాని పేరు ది థియేటర్. స్థలం లీజు తగాదా ముదిరాక 1598 డిసెంబరులో ఆ నాటకశాలనే ఊడదీసి, దూలాలు థేమ్స్ నది అవతలికి మోసుకుపోయి, 1599లో గ్లోబ్ కట్టారు. అక్కడ ఒక పెన్నీ ఇస్తే ఆకాశం కింద నిలబడి చూడొచ్చు. ఇంకో పెన్నీ ఇస్తే బెంచీ, మరో పెన్నీకి మెత్త. చుట్టుపక్కల ఎలుగుబంట్ల మీదికి కుక్కల్ని ఉసిగొల్పే వినోదాలు, సారాయి కొట్లు, వేశ్యావాటికలు. పనివాళ్ళు పని ఎగ్గొట్టి నాటకాలకి పోతున్నారని, గుంపుల వల్ల ప్లేగు పాకుతోందని నగర పెద్దల గోల. ఈ రోజు మనం తోలు అట్ట వేసి బీరువాలో పెట్టుకునే రాతలన్నీ ఆ సంతలో, ఆ నిలబడ్డ జనం కోసం పుట్టినవే. 1613లో నాటకం మధ్యలో ఫిరంగి పేల్చితే పైకప్పు గడ్డికి అంటుకుని గ్లోబ్ కాలిపోయింది. మనుషులెవరూ పోలేదు. ఒకాయన లాగూకి నిప్పంటుకుంటే సీసాలో ఉన్న బీరు పోసుకుని ఆర్పుకున్నాడని ఆ కాలపు ఉత్తరంలో ఉంది. నాటకానికి వచ్చినవాడి చేతిలో సీసా ఉండటం ఎవరికీ వింత కాదన్నమాట.

1642లో అంతర్యుద్ధం మొదలవగానే పార్లమెంటు నాటకశాలలు మూసేసింది. 1660లో రాజు తిరిగొచ్చాక తెరిచారు. ఆడవేషాలు ఆడవాళ్ళే కట్టడం అప్పుడే మొదలైంది. కానీ లండన్‌లో మాటల నాటకం ఆడే హక్కు రాజు ఇద్దరంటే ఇద్దరికే రాసిచ్చాడు. ఈ గుత్తాధిపత్యం 1843 దాకా ఏదో ఒక రూపంలో సాగింది.

అసలు మలుపు మాత్రం 1737. హేమార్కెట్‌లోని చిన్న నాటకశాలలో హెన్రీ ఫీల్డింగ్ అనే కుర్రాడు ప్రధాని రాబర్ట్ వాల్‌పోల్‌ని, ఆయన లంచగొండితనాన్ని రోజూ ఆటపట్టిస్తున్నాడు. జనం విరగబడి చూస్తున్నారు. వాల్‌పోల్ లైసెన్సింగ్ చట్టం తెచ్చాడు. ఇకమీద ఏ కొత్త నాటకమైనా ముందుగా ప్రతి పంపించి లార్డ్ ఛాంబర్లిన్ అనే రాజమందిరపు అధికారి అనుమతి తీసుకోవాలి. ఆయన వద్దంటే కారణం చెప్పనక్కర్లేదు, అప్పీలు లేదు. ఫీల్డింగ్ నాటకాలు వదిలేసి లా చదువుకుని నవలలు రాసుకున్నాడు. ఇంగ్లీషు నవలకి మంచి జరిగిందనే వాళ్ళున్నారు. నాటకానికి జరిగింది మాత్రం 231 ఏళ్ళ సెన్సారు.

ఈ సెన్సారులో ఒక కిటుకు ఉంది. దాన్ని జనం పెద్దగా పట్టించుకోరు. లార్డ్ ఛాంబర్లిన్ అధికారం ఆటకే గానీ పుస్తకానికి కాదు. బెర్నార్డ్ షా 1893లో రాసిన "మిసెస్ వారెన్స్ ప్రొఫెషన్" 1898లో అచ్చయింది, ఎవరైనా కొనుక్కుని ఇంట్లో చదువుకోవచ్చు. ఇంగ్లండులో లైసెన్సుతో రంగస్థలం ఎక్కింది మాత్రం 1925లో. వ్యభిచార గృహాల మీద వచ్చే రాబడి పెద్దమనుషుల జేబుల్లోకి ఎలా చేరుతుందో చెప్పే నాటకం అది. ఒకే వాక్యం కాగితం మీద ఉంటే ప్రమాదం లేదు, నటి నోట వస్తే ప్రమాదం! పుస్తకం కొనగలవాడి వల్ల భయం లేదు కాబట్టి. వాడికి చదువుంది, ఆస్తి ఉంది, ఒంటరిగా కూర్చుని చదువుతాడు. గ్యాలరీలో కూర్చున్నవాడికి ఆ మూడూ లేవు, పైగా వాడి పక్కన ఇంకో మూడు వందల మంది వాడిలాంటివాళ్ళే ఉన్నారు. సెన్సారు అసలు భయం నాటకం గురించి కాదు, దాన్ని కలిసి చూసేవాళ్ళ గురించి.

ఇదే బుద్ధి సముద్రం దాటి మన దాకా వచ్చింది. దీనబంధు మిత్ర రాసిన "నీల్ దర్పణ్" బెంగాల్ నీలిమందు రైతుల గోడు. దాని ఇంగ్లీషు అనువాదం అచ్చు వేయించినందుకు 1861లో జేమ్స్ లాంగ్ అనే పాదిరీని పరువునష్టం కింద జైల్లో పెట్టారు. అంటే పుస్తకాన్నీ ఊరికే వదల్లేదు. అయినా అప్పుడు కొత్త చట్టం చెయ్యాలనిపించలేదు. కలకత్తాలో వృత్తి నాటకశాలలు వచ్చి, వేల్స్ యువరాజుని ఇంట్లో ఆడవాళ్ళ మధ్యకి తీసుకెళ్ళి ఆతిథ్యమిచ్చిన ఒక వకీలు మీద ప్రహసనం ఆడి, జనం పగలబడి నవ్వాక మాత్రం 1876లో నాటక ప్రదర్శనల చట్టం ఊడిపడింది. తెల్లవాళ్ళు పోయినా ఆ బుద్ధి పోలేదు. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు కలిసి రాసిన "మా భూమి" నాటకాన్ని ప్రజానాట్యమండలి దళాలు ఊరూరా ఆడుతుంటే అప్పటి మద్రాసు ప్రభుత్వం నిషేధించింది. తెలంగాణ రైతు పోరాటం గురించి పత్రికల్లో చదవడం వేరు, రాత్రి పూట ఊరంతా ఒకచోట కూర్చుని చూడటం వేరు. ఈ తేడా లండన్ అధికారికీ తెలుసు, మద్రాసు మంత్రికీ తెలుసు.

మళ్ళీ లండన్‌కి వస్తాను. ఎందుకంటే ఆ దేశపు నాటక చరిత్రలో నాకు అన్నిటికంటే ఇష్టమైన ఘట్టంలో రచయితలెవరూ లేరు. 1808లో కోవెంట్ గార్డెన్ నాటకశాల కాలిపోయింది. ఏడాదిలో కొత్తది కట్టి, 1809 సెప్టెంబరు 18న "మాక్‌బెత్"తో తెరిచారు. మేనేజరు జాన్ ఫిలిప్ కెంబుల్, ఆనాటి పెద్ద నటుడు. కట్టడానికి అయిన ఖర్చు రాబట్టాలి కదా అని బాక్సు టికెట్ 6 షిల్లింగుల నుంచి 7కి, కింద పిట్, అంటే వేదిక ముందు బెంచీల చోటు, టికెట్ మూడున్నర నుంచి 4కి పెంచాడు. అంతటితో ఊరుకున్నా సరిపోయేదేమో. ఒక అంతస్తు మొత్తాన్ని ధనవంతులకి ఏడాది అద్దెకిచ్చే ప్రైవేటు బాక్సులుగా మార్చేశాడు. పైన గ్యాలరీ జనానికి మిగిలినవి పావురాల గూళ్ళలాంటి అరలు. అక్కడ కూర్చుంటే నటుల కాళ్ళు తప్ప ఏమీ కనపడవు.

మొదటి రాత్రి కెంబుల్ వేదిక మీదికొచ్చి స్వాగతం చెప్పబోయాడు. ఒక్క ముక్క ఎవరికీ వినపడలేదు. పిట్‌లో జనం లేచి వేదికకి వీపు పెట్టి నిలబడ్డారు. "పాత రేట్లు! పాత రేట్లు!" నాటకం మూకీ సినిమాలా నడిచింది. మేజిస్ట్రేట్లు వేదికెక్కి అల్లర్ల చట్టం చదివారు, దాన్నీ ఎవరూ వినలేదు. మర్నాడు మళ్ళీ అంతే, ఆ మర్నాడూ అంతే. గిలకలు, గంటలు, బూరలు తెచ్చుకున్నారు. టోపీలకి ఓ.పి. (ఓల్డ్ ప్రైసెస్, అంటే పాత రేట్లు) అని అక్షరాలు కుట్టుకున్నారు, పతకాలు పోయించుకున్నారు. లయగా కాళ్ళు నేలకేసి కొట్టే ఓ.పి. డాన్సు ఒకటి పుట్టించారు. ఒక రాత్రి శవపేటిక మోసుకొచ్చారు, దాని మీద "ఇక్కడ కొత్త రేటు శవం ఉంది" అని రాత. కెంబుల్ లెక్కల పుస్తకాలు పెద్దమనుషుల కమిటీకి చూపించి, లాభం అంతంత మాత్రమే అని రిపోర్టు రాయించాడు. నమ్మినవాడు లేడు. ఇదంతా ఒకటీ రెండు రాత్రులు కాదు, 67 రాత్రులు. చివరికి డిసెంబరులో కెంబుల్ దిగొచ్చి ఒక హోటల్లో గొడవ చేసినవాళ్ళ విందుకి హాజరై రాజీ పడ్డాడు. పిట్ రేటు మళ్ళీ మూడున్నర షిల్లింగులకి దిగింది. బాక్సు రేటు మాత్రం 7 దగ్గరే ఉండిపోయింది, దాని గురించి పిట్ జనానికి పట్టింపు లేదు. "మాకు తృప్తి కలిగింది" అని హాల్లో బ్యానరు ఎత్తారు.

నెపోలియన్‌తో యుద్ధం జరుగుతుండగా, ఓటు హక్కు లేని జనం, అర షిల్లింగు కోసం మూడు నెలలు హాలు వదలకుండా పోట్లాడారు. వాళ్ళ దృష్టిలో నాటకశాల కెంబుల్ సొంత ఆస్తి కాదు. రాజు లైసెన్సుతో నడుస్తున్న గుత్తాధిపత్యం కాబట్టి అందులో జనానికీ వాటా ఉంది. ఓటు లేనివాడికి ఓటు లాంటిది ఆ పిట్ బెంచీ. బ్రిటన్‌లో నాటకం సామాజిక పాత్ర అంటే నాకు ముందు తోచేది ఇదే. వేదిక మీద ఏం చెప్పారన్నది ఆ తర్వాతి సంగతి.

అలాగని ఆ జనాన్ని దేవుళ్ళని చెయ్యను. కెంబుల్ అల్లరి అణచడానికి డానియల్ మెండోజా అనే పేరున్న యూదు బాక్సర్ని, అతని మనుషుల్ని దింపాడు. దాంతో హాల్లో యూదుల మీద బూతులు మొదలయ్యాయి. కాటలాని అనే ఇటాలియన్ గాయనికి భారీ జీతమిస్తున్నారని విదేశీయుల మీద ద్వేషమూ రెచ్చగొట్టారు. మంది కలిస్తే మంచీ చెడూ రెండూ కలిసే వస్తాయి. ఈ సంగతి మళ్ళీ చెప్తాను.

తర్వాతి డెబ్భై ఏళ్ళలో మర్యాద మెల్లగా లోపలికొచ్చింది. 1880లో స్క్వైర్ బాంక్రాఫ్ట్ హేమార్కెట్ నాటకశాల తీసుకుని, వేదిక ముందున్న పిట్‌ని ఎత్తేసి అక్కడ ఖరీదైన కుర్చీలు వేశాడు. మొదటి రాత్రి పై అంతస్తుల నుంచి "పిట్ ఏదీ?" అని కేకలు. కాసేపట్లో సద్దుమణిగాయి. 67 రాత్రులు కాదు, ఒక్క రాత్రి కూడా పూర్తిగా నిలబడలేదు ఆ కోపం. ఇంకో పక్క నటుడు హెన్రీ ఇర్వింగ్ లైసియమ్ నాటకశాలలో నాటకం నడుస్తున్నంతసేపూ హాల్లో దీపాలు తగ్గించడం అలవాటు చేశాడు. చీకట్లో కూర్చున్నవాడు పక్కవాడితో మాట్లాడడు, వేదిక వైపే చూస్తాడు. 1895లో ఇర్వింగ్‌కి సర్ బిరుదు వచ్చింది, నటుల్లో ఆయనే మొదటివాడు. చెవికి చిల్లు పెట్టే చట్టం నుంచి రాణిగారి బిరుదు దాకా నటుడు ఎదిగాడు, మంచిదే. అదే కాలంలో ప్రేక్షకుడు నోరు మూసుకోవడం నేర్చుకున్నాడు. (తెనాలిలో పద్యనాటకానికి వన్స్ మోర్ కొట్టి ఒకే పద్యాన్ని మూడుసార్లు పాడించిన మా పెద్దనాన్న ఇర్వింగ్ హాల్లో కూర్చుంటే ఏమయ్యేవాడో!)

లండన్ వెస్ట్ ఎండ్‌లో ఆ కాలపు నాటకశాలలు చాలా ఇంకా నడుస్తున్నాయి. చవక టికెట్ కొని వెళ్తే ఈ చరిత్ర కాళ్ళకి తెలుస్తుంది. ముందు వైపు పాలరాయి, అద్దాలు, ఎర్ర తివాచీ. పై గ్యాలరీకి కొన్ని హాళ్ళలో దారి అటు కాదు, పక్క సందులో చిన్న తలుపు. లోపల బోడి సిమెంటు మెట్లు, చుట్లు చుట్లుగా. సిల్కు గౌను వేసుకున్న దొరసాని, కూలివాడు మెట్ల మీద ఒకరికొకరు తగలకూడదని కట్టినప్పుడే వేరు చేశారు. నేను ఎక్కిన ఒక హాల్లో మెట్లు ముగిశాక సీట్ల వాలు ఎంత నిటారుగా ఉందంటే ముందు వరుసవాడి తల నా మోకాళ్ళ కింద ఉంది. అడ్డంగా ఒక ఇనుప స్తంభం, వేదికలో ఎడమ పావు దాని వెనక. రెండున్నర గంటలు నా పక్కన కూర్చున్న రిటైరైన ఇంగ్లీషు మేష్టారూ నేనూ ఆ స్తంభానికి చెరో వైపు వంగి చూశాం.

మరి పిట్‌లోంచి వెళ్ళిపోయిన జనం ఏమయ్యారు? మ్యూజిక్ హాళ్ళకి పోయారు. 1843 చట్టం గుత్తాధిపత్యం తీసేసింది గానీ, నాటకశాల లైసెన్సు తీసుకుంటే హాల్లో కూర్చుని తాగడానికి వీల్లేదు. తాగుతూ, పొగ కాలుస్తూ, పాటకి గొంతు కలుపుతూ గడిపే చోట్లు మ్యూజిక్ హాళ్ళయ్యాయి. నాటకం మీద పుస్తకాలు రాసేవాళ్ళు దీన్ని వేరే అధ్యాయంలో పెడతారు. నాకది అన్యాయం అనిపిస్తుంది. చార్లీ చాప్లిన్ వచ్చింది అక్కడి నుంచే.

ఇక సెన్సారు చేసిన ఘనకార్యాలు. 1907లో జపాన్ యువరాజు ఫుషిమి లండన్ వస్తున్నాడని, ఆయన మనసు నొచ్చుకుంటుందని, జపాన్ చక్రవర్తిని హాస్యంగా చూపిస్తూ ఇరవై రెండేళ్ళుగా దేశమంతా ఆడుతున్న "మికాడో" సంగీత నాటకం లైసెన్సు కొన్ని వారాలు ఆపేశారు. 1938లో టెరెన్స్ రాటిగన్ ఇంకొకరితో కలిసి హిట్లర్‌ని వెక్కిరిస్తూ నాటకం రాస్తే, స్నేహదేశపు అధినేతని అవమానించరాదు అని ఆపారు. యుద్ధం మొదలయ్యాక 1940లో ఆడనిచ్చారు, అప్పటికి నవ్వు రావడం కష్టం. 1957లో దర్శకురాలు జోన్ లిటిల్‌వుడ్ బృందం తూర్పు లండన్‌లో భవన నిర్మాణ కూలీల నాటకం ఆడింది. కూలీలు మాట్లాడుకున్నట్టే నటులు రోజూ కొత్త మాటలు వేసేవారు. ఒకడు చర్చిల్ గొంతు అనుకరిస్తూ పబ్లిక్ మరుగుదొడ్డికి ప్రారంభోత్సవం చేశాడు. లైసెన్సు ఉన్న ప్రతిలో ఆ మాటలు లేవని కోర్టుకి ఈడ్చి జరిమానా వేశారు. అంటే ఆశువుగా మాట్లాడటమే నేరం! మన బుర్రకథ హాస్యగాడికి ఆ చట్టం ఉంటే రోజుకో కేసు.

ఆ లిటిల్‌వుడ్ దగ్గరే 1958లో షెలా డెలానీ అనే 19 ఏళ్ళ శాల్ఫోర్డ్ అమ్మాయి రాసిన "ఎ టేస్ట్ ఆఫ్ హనీ" రంగస్థలం ఎక్కింది. పెళ్ళికాని తల్లి, నల్లజాతి నావికుడు, స్వలింగ ప్రేమికుడైన స్నేహితుడు, తిట్టుకుంటూ నవ్వుకునే ఒక పేద ఇల్లు. విమర్శకులు 1956 నాటి జాన్ ఆస్‌బోర్న్ నాటకం "లుక్ బ్యాక్ ఇన్ యాంగర్"ని కొత్త యుగం అంటారు. నేను డెలానీకే ఓటేస్తాను. ఆస్‌బోర్న్ హీరో తన కోపాన్ని ఉపన్యాసంలా ఇస్త్రీ చేసి చెప్తాడు. డెలానీ మనుషులకి అంత తీరిక లేదు.

1965లో ఎడ్వర్డ్ బాండ్ "సేవ్డ్"లో కుర్రాళ్ళ గుంపు పార్కులో తోపుడుబండిలో ఉన్న పసిబిడ్డని రాళ్ళతో కొట్టి చంపే దృశ్యం ఉంది. లార్డ్ ఛాంబర్లిన్ కొట్టివేతలు అడిగితే, రాయల్ కోర్ట్ నాటకశాలవాళ్ళు సభ్యులకి మాత్రమే అని క్లబ్బు పెట్టి ఆడారు. ప్రభుత్వం వాళ్ళ మీద కేసు పెట్టి గెలిచింది గానీ పరువు సెన్సారుదే పోయింది. జార్జ్ స్ట్రాస్ అనే ఎంపీ తెచ్చిన బిల్లుతో 1968 సెప్టెంబరు 26న సెన్సారు పోయింది. మర్నాడే "హెయిర్" అనే సంగీత నాటకం నగ్న దృశ్యంతో సహా తెర లేపింది.

అధికారి పోయాడు, మంది మిగిలారు. 2004 డిసెంబరులో బర్మింగ్‌హామ్ రెపర్టరీ నాటకశాలలో గుర్‌ప్రీత్ కౌర్ భట్టి రాసిన "బెహ్జ్తీ" ఆడుతుంటే, గురుద్వారాలో అత్యాచారం చూపించారని సిక్కులు కొందరు నిరసనకి దిగారు, అద్దాలు పగిలాయి, రెండు రోజుల్లో నాటకం ఆపేశారు. రచయిత్రి కూడా సిక్కు స్త్రీయే. పాత రేట్ల కోసం 67 రాత్రులు పోట్లాడినవాళ్ళని మెచ్చుకున్న నేను వీళ్ళని ఎందుకు మెచ్చుకోను? నా జవాబు ఇది. కోవెంట్ గార్డెన్ వాళ్ళు డబ్బు కట్టి లోపలికొచ్చి, మాకు చోటు కావాలి అన్నారు. వీళ్ళు బయట నిలబడి, ఎవరూ చూడొద్దు అన్నారు. ఈ గీత ప్రతిసారీ ఇంత స్పష్టంగా దొరకదని ఒప్పుకుంటాను. కానీ 1977లో జతీందర్ వర్మ వాళ్ళు తారా ఆర్ట్స్ అనే నాటక బృందం పెట్టింది, లండన్ సౌతాల్‌లో గుర్దీప్ సింగ్ చగ్గర్ అనే సిక్కు కుర్రాణ్ణి జాత్యహంకారులు చంపిన కోపంలోంచి. ఆ కోపమూ జనం కోపమే, అది నాటకం ఆపలేదు, మొదలుపెట్టింది.

ఇప్పటి రేట్లు చూస్తే కెంబుల్ చాలా మంచివాడు అనిపిస్తాడు. వెస్ట్ ఎండ్‌లో పెద్ద తారలున్న నాటకానికి ముందు సీటు 200 పౌండ్లు దాటడం మామూలైపోయింది, ఒక్కడూ గిలక ఊపడు. నేషనల్ థియేటర్ డైరెక్టరుగా నికొలస్ హైట్నర్ 2003లో ఒక కంపెనీ ఆర్థిక సాయంతో 10 పౌండ్ల సీజన్ పెట్టి, ఇరాక్ యుద్ధం నడుస్తుండగా "హెన్రీ ది ఫిఫ్త్"ని ఇప్పటి సైనిక దుస్తుల్లో ఆడించాడు. హాలు నిండింది. చవక చేస్తే జనం వస్తారన్నది రహస్యమేమీ కాదు. కానీ అది ఒక డైరెక్టరు దయ, ఒక స్పాన్సరు దయ.

దయ మీద ఆధారపడని దారి స్కాట్లండ్‌లో ఉంది. 1973లో జాన్ మెగ్రాత్ బృందం 7:84 ఒక నాటకంతో హైలాండ్స్ పల్లెలకి బయల్దేరింది. దేశంలో 7 శాతం మంది దగ్గర 84 శాతం సంపద ఉందన్న లెక్కే ఆ బృందం పేరు. నాటకం "ది షెవియట్, ది స్టాగ్ అండ్ ది బ్లాక్, బ్లాక్ ఆయిల్": గొర్రెల మేత కోసం రైతుల్ని ఖాళీ చేయించిన భూస్వాములు, తర్వాత జింకల వేట ఎస్టేట్లు, తర్వాత సముద్రంలో చమురు కంపెనీలు. సెట్టు మొత్తం ఒక పెద్ద బొమ్మల పుస్తకం. పేజీ తిప్పితే కొండలు లేచి నిలబడతాయి, ఆట అయ్యాక మూసి వ్యాను మీద కట్టేస్తారు. ఊరి కమ్యూనిటీ హాలు, ఫిడేలు, గేలిక్ పాటలు, నాటకం అయ్యాక కుర్చీలు పక్కకి నెట్టి డాన్సు. చూడటానికి వచ్చినవాళ్ళు ఖాళీ చేయించిన ఆ రైతుల మునిమనవలు. ప్రజానాట్యమండలి బళ్ళ మీద తిరిగిన ఊళ్ళ గురించి విన్న తెలుగువాడికి ఇందులో కొత్త ఏమీ లేదు, అందుకే నాకు ఇంత నచ్చింది.

లండన్‌లో జాతీయ నాటకశాల కావాలని 1848లో మొదటి ప్రతిపాదన వచ్చింది. 1951లో శంకుస్థాపన చేసిన రాయిని తర్వాత ఇంకో చోటికి మార్చారు. థేమ్స్ ఒడ్డున సొంత భవనం 1976లో తెరుచుకుంది. స్కాట్లండ్ వాళ్ళు 2006లో తమ జాతీయ నాటకశాల మొదలుపెట్టినప్పుడు అసలు భవనమే వద్దనుకున్నారు. మొదటి నాటకం పేరు "హోమ్". పది చోట్ల పది రకాలుగా ఆడారు. ఒకటి గ్లాస్గోలో పేదలుండే బహుళ అంతస్తుల అపార్ట్‌మెంట్‌లో, ఒకటి షెట్లాండ్ దీవుల్లో నిలిపిన ఓడలో. గ్యాలరీ అని వేరే కట్టాల్సిన పనే లేకపోయింది.